గుమ్మం దగ్గర నవ్వులు

చుట్టాలు వెళ్లేటప్పుడు గుమ్మం దగ్గర జరిగే తంతును తెలుగు ముక్క రానివాడు చూస్తే ఏమనుకుంటాడు? "ఇక వెళ్లొస్తాం మరి" అంటారు, హహహ. "ఈసారి మీరే రావాలి, మాట తప్పకూడదు" అంటారు, మళ్లీ హహహ. ఎవరూ జోకు వెయ్యలేదు. అయినా పళ్లు బయటపడతాయి, భుజాలు ఎగురుతాయి, ఊపిరి తెగితెగి వస్తుంది. ఒకరికి మొదలైతే పక్కవాళ్లకూ అంటుకుంటుంది. ఏదో రోగమనుకుంటే అతని తప్పేం లేదు.

అమెరికాలో రాబర్ట్ ప్రొవైన్ అనే శాస్త్రవేత్త అచ్చం అలాంటి పరాయివాడి చూపుతోనే నవ్వును గమనించాడు. మొదట మనుషుల్ని ప్రయోగశాలకు పిలిచి హాస్యం వీడియోలు చూపించాడు. నవ్వు సరిగా రానేలేదు. (ఫొటోకి నవ్వమంటే మనకు వచ్చేదేపాటి?) దాంతో తనూ విద్యార్థులూ అంగళ్లలో, కాలిబాటల మీద, పిట్టల్ని చూసేవాళ్లలా చాటుగా మాటలు వింటూ 1,200 నవ్వుల్ని రాసుకున్నారు. ఏ మాట తర్వాత నవ్వొచ్చింది, ఎవరు నవ్వారు అని. 1993లో లెక్క బయటపెట్టాడు. ఆ మాటల్లో హాస్యం అనదగ్గవి నూటికి 10 నుంచి 20 మాత్రమే. తక్కినవన్నీ మన "వెళ్లొస్తాం" బాపతే. పైగా వినేవాళ్లకంటే మాట్లాడేవాళ్లే 46 శాతం ఎక్కువ నవ్వారు. తన మాటకు తనే నవ్వుకునేవాణ్ని మనం ఊరికే ఆడిపోసుకుంటాం.

నన్ను మరీ ఆశ్చర్యపరిచింది ఇంకొకటి. అన్ని నవ్వుల్లోనూ మాట మధ్యలో అడ్డుపడినవి 8. రాసేటప్పుడు కామాలూ చుక్కలూ ఎక్కడ పెడతామో, మాట్లాడేటప్పుడు నవ్వు అక్కడే పడుతోంది. ఎవరూ నేర్పలేదు.

పకపక, కిలకిల, ఇకఇక అని తెలుగులో ఎన్ని ఉన్నా, నిజంగా 'పక' అని నవ్వినవాణ్ని నేను చూడలేదు. రికార్డు చేసి కొలిస్తే ఒక్కో 'హ' సుమారు 75 మిల్లీసెకన్లు, 210 మిల్లీసెకన్లకొకటి చొప్పున. చక్కిలిగింతలు పెడితే చింపాంజీ కూడా నవ్వుతుంది గానీ రొప్పినట్టుంటుంది. పీల్చే ఊపిరికొకటి, వదిలే ఊపిరికొకటి. మనం వదిలే ఒక్క ఊపిరినే తరిగి హహహ చేస్తాం. నాలుగు కాళ్ల నడకలో అడుగుకూ ఊపిరికీ ముడి ఉంటుందనీ, రెండు కాళ్ల మీద లేచాక ఆ ముడి వదిలి మనకు ఇలాంటి నవ్వూ, మాటా సాధ్యపడ్డాయనీ ప్రొవైన్ ఊహ.

నవ్వినప్పుడల్లా రాసిపెట్టమని విద్యార్థులకు ఆయన డైరీలు కూడా ఇచ్చాడు. టీవీ, పుస్తకం వంటివేవీ తోడులేని ఒంటరితనంలోకంటే నలుగురిలో ఉన్నప్పుడు నవ్వు 30 రెట్లు ఎక్కువని తేలింది.

చుట్టాలు మెట్లు దిగిపోయాక, తలుపు గడియ పెట్టేవాడి ముఖం ఒకసారి చూడండి. అరక్షణం కిందటి నవ్వు జాడే ఉండదు.