రెండు భాషల కెనడా: ఒక పాత తగవు పూర్వాపరాలు

ఫ్రాన్సులో రోడ్ల కూడలి దగ్గర బండి ఆపమని చెప్పే ఎర్రటి ఫలకం మీద 'స్టాప్' అనే రాసి ఉంటుంది. కెనడాలోని క్యుబెక్ ప్రావిన్సులో మాత్రం అదే ఫలకం మీద 'ఆరె' అనే ఫ్రెంచి మాట కనిపిస్తుంది. మాంట్రియల్ దుకాణాల్లో వచ్చినవారిని 'బోంజూర్, హాయ్' అని రెండు భాషల్లో కలిపి పలకరించే అలవాటు పెరిగిపోయిందని, ఇకపై 'బోంజూర్' ఒక్కటే చాలని క్యుబెక్ శాసనసభ 2017 నవంబరులో ఏకగ్రీవంగా తీర్మానం చేసింది. ఫ్రెంచివారికే లేని ఈ పట్టింపు క్యుబెక్ వారికి ఎందుకన్నది తెలియాలంటే రెండున్నర శతాబ్దాలకు పైగా వెనక్కి వెళ్లాలి.

తెలుగు ఇళ్లలో కెనడా అనగానే టొరంటో, విపరీతమైన చలి, శాశ్వత నివాసానికి కావలసిన పాయింట్ల లెక్క గుర్తుకు వస్తాయి. దాదాపు కోటి చదరపు కిలోమీటర్ల విస్తీర్ణంతో, రష్యా తరువాత ప్రపంచంలో రెండో పెద్ద దేశమిది. జనాభా మాత్రం నాలుగు కోట్ల చిల్లర, అందులో అత్యధికులు అమెరికా సరిహద్దును ఆనుకున్న సన్నటి పట్టీలోనే ఉంటారు. పది ప్రావిన్సులు, మూడు టెరిటరీలు ఉన్న ఈ సమాఖ్యలో ఇంచుమించు ఐదో వంతు మందిది ఫ్రెంచి భాష, వారిలో ఎక్కువమంది ఒక్క క్యుబెక్‌లోనే ఉన్నారు. కెనడా సంస్కృతి అంటే రకరకాల జాతులు సామరస్యంగా కలిసి ఉండడమని పరిచయ వ్యాసాలు చెబుతుంటాయి. అది అబద్ధం కాదు గాని, ఆ సామరస్యానికి మూలం ఉదారబుద్ధి కన్నా తెగని తగవులో కుదుర్చుకున్న రాజీయే అని చరిత్ర చదివితే అనిపిస్తుంది.

ఫ్రెంచి నావికుడు జాక్ కార్టియె 1534లో సెయింట్ లారెన్స్ సింధుశాఖ తీరానికి చేరాడు. ఊరు అనే అర్థంలో అక్కడి ఇరొకోయన్ ప్రజలు వాడిన 'కనటా' అనే మాటే దేశానికి పేరయింది. 1608లో సాముయెల్ ద షాంప్లేన్ క్యుబెక్ పట్టణాన్ని నెలకొల్పాక, బీవర్ తోలు వ్యాపారం మీద బతికే న్యూ ఫ్రాన్స్ వలస రూపుదిద్దుకుంది. అయితే ఫ్రాన్సు నుంచి అక్కడికి వచ్చి స్థిరపడినవారు తక్కువ. 1750ల నాటికి దక్షిణాన బ్రిటిష్ వలసల్లో పది లక్షలకు పైబడి జనం ఉంటే, సెయింట్ లారెన్స్ నది ఒడ్డున ఫ్రెంచివారు అరవై డెబ్బై వేలకు మించలేదు.

1759 సెప్టెంబరు 13న క్యుబెక్ కోట బయట అబ్రహాం మైదానంలో జరిగిన యుద్ధం గంట లోపే ముగిసింది. బ్రిటిష్ సేనాని వూల్ఫ్, ఫ్రెంచి సేనాని మోంకామ్ ఇద్దరూ ఆ గాయాలతోనే మరణించారు. 1763 పారిస్ ఒప్పందంతో ఆ నేల బ్రిటన్ వశమైంది. ఓడిన జనం ఆ యుద్ధాన్ని నేటికీ 'ఆక్రమణ' అనే పిలుస్తారు. అయినా గెలిచినవారు వారి భాషనూ మతాన్నీ తుడిచిపెట్టలేదు. దక్షిణాన అమెరికన్ వలసలు తిరుగుబాటుకు సిద్ధమవుతున్న వేళ ఉత్తరాన మరో శత్రువును తెచ్చుకోవడం ఇష్టం లేని లండన్, 1774 క్యుబెక్ చట్టం ద్వారా కాథలిక్ మతానికీ ఫ్రెంచి పౌర న్యాయానికీ గుర్తింపునిచ్చింది.

1837, 38లలో తిరుగుబాట్లు జరిగాక, కారణాలు తేల్చడానికి వచ్చిన లార్డ్ డరమ్ 1839 నివేదికలో ఫ్రెంచి కెనడియన్లను చరిత్ర గాని సాహిత్యం గాని లేని ప్రజలుగా వర్ణించి, వారిని ఇంగ్లీషు సమాజంలో కలిపేసుకోవడమే మందు అని సలహా ఇచ్చాడు. ఇంగ్లీషు, ఫ్రెంచి వలసలు రెంటినీ ఒకటిగా కలిపినా ఆ మందు పని చేయలేదు. 1867లో నాలుగు ప్రావిన్సులతో సమాఖ్య ఏర్పడినప్పుడు, పార్లమెంటులోనూ క్యుబెక్ శాసనసభలోనూ రెండు భాషలూ చెల్లుతాయని రాజ్యాంగ చట్టంలోని 133వ విభాగంలో రాసుకున్నారు.

రాసుకున్నది క్యుబెక్ దాటి పెద్దగా వెళ్లలేదు. 1870లో ద్విభాషా ప్రావిన్సుగా పుట్టిన మానిటోబా, ఇరవై ఏళ్లకే ఫ్రెంచిని అధికార స్థానం నుంచి తొలగించింది; ఆ తొలగింపు చెల్లదని సుప్రీంకోర్టు చెప్పడానికి 1979 దాకా పట్టింది. ఆ ప్రావిన్సు పుట్టుకకు కారకుడైన మెటీ (ఐరోపా, ఆదివాసీ మిశ్రమ సంతతి) ప్రజల నాయకుడు లూయీ రియెల్‌ను 1885లో ఉరి తీశారు. ఒంటారియో 1912లో తన బడుల్లో ఫ్రెంచి బోధనకు కత్తెర వేసింది. ఇవన్నీ చూసిన ఫ్రెంచి కెనడియన్లకు, కెనడా అంతటా తమ భాషకు చోటు ఉందన్న నమ్మకం సడలి, మిగిలింది క్యుబెక్ ఒక్కటే అన్న భావన బలపడింది.

క్యుబెక్‌లో కూడా పెత్తనం వారిది కాదు. బడి, ఆస్పత్రి, అనాథాశ్రమం చర్చి చేతిలో ఉండేవి. బ్యాంకులు, గనులు, కర్మాగారాలు మాంట్రియల్ ఇంగ్లీషు కుటుంబాల చేతిలో ఉండేవి. 1960లో జాన్ లెసాజ్ ప్రభుత్వం రావడంతో 'ప్రశాంత విప్లవం' మొదలైంది. చదువును చర్చి నుంచి తీసుకుని 1964లో విద్యాశాఖ పెట్టారు. 'మా ఇంటికి మేమే యజమానులం' అనే నినాదంతో 1962 ఎన్నికలు గెలిచి విద్యుత్ సంస్థలను జాతీయం చేశారు. పదేళ్లలో గుళ్లు ఖాళీ అయ్యాయి. క్యుబెక్ వారి నోట ఘాటైన తిట్లు నేటికీ 'తబర్నాక్', 'కాలిస్' వంటి చర్చి సామగ్రి పేర్లే కావడం, ఆ పాత పెత్తనం ఎంత ఊపిరాడనివ్వలేదో చెప్పే వింత సాక్ష్యం.

ఒట్టావాలోని ఫెడరల్ ప్రభుత్వం 1963లో వేసిన ద్విభాషా కమిషన్, క్యుబెక్‌లోనే ఫ్రెంచివారి ఆదాయాలు తక్కిన జాతుల వారితో పోలిస్తే అట్టడుగుకు దగ్గరగా ఉన్నాయని తేల్చింది. దాని ఫలితంగా వచ్చిన 1969 అధికార భాషల చట్టంతో ఫెడరల్ ప్రభుత్వం తగినంత అవసరం ఉన్నచోట రెండు భాషల్లో సేవలందించే బాధ్యత తీసుకుంది. అప్పటికే ఆలస్యమైంది. 1970 అక్టోబరులో, క్యుబెక్ విడి దేశం కావాలనే వేర్పాటువాద తీవ్రవాదులు ఒక బ్రిటిష్ దౌత్యాధికారినీ, క్యుబెక్ మంత్రి పియెర్ లపోర్ట్‌నూ అపహరించారు. లపోర్ట్ హత్యకు గురయ్యాడు. ప్రధాని పియెర్ ట్రూడో యుద్ధకాలపు చట్టాన్ని ప్రయోగించగా సుమారు 500 మందిని వారంటు లేకుండా నిర్బంధించారు.

1976లో రెనె లెవెక్ నాయకత్వంలో వేర్పాటువాద పార్టీ పార్తి క్యుబెక్వా క్యుబెక్ ఎన్నికల్లో గెలిచి, మరుసటి ఏడాది ఫ్రెంచి భాషా చట్టాన్ని, అందరూ '101' అని పిలిచే చట్టాన్ని, తెచ్చింది. కొలువుల్లోనూ నామఫలకాల మీదా ఫ్రెంచి తప్పనిసరి అయింది. వలస వచ్చినవారి పిల్లలు ఫ్రెంచి బడికే వెళ్లాలన్నారు. మన ఆంధ్ర రాష్ట్రోద్యమంతో దీన్ని పోల్చాలనిపించడం సహజమే గాని, పోలిక కొంతవరకే నిలుస్తుంది: 1953లో మనవారు భాష కోసం సరిహద్దులు గీయించుకున్నారు, క్యుబెక్ వారికి సరిహద్దు ముందే ఉంది, లేనిదల్లా ఆ సరిహద్దు లోపల తమ భాషలో బతుకుతెరువు. ఆ చట్టం దాన్ని ఇచ్చింది. కాగా సన్ లైఫ్ బీమా సంస్థ వంటివి ప్రధాన కార్యాలయాలను టొరంటోకు తరలించుకుపోయాయి.

1980 ప్రజాభిప్రాయ సేకరణలో వేర్పాటు వాదం దాదాపు 60 శాతం వ్యతిరేక ఓట్లతో వీగిపోయింది. 1982లో కెనడా కొత్త రాజ్యాంగాన్ని క్యుబెక్ సమ్మతి లేకుండానే అమలు చేసుకుంది. దాన్ని సరిదిద్దాలన్న ప్రయత్నాలు 1990లోనూ 1992లోనూ విఫలమయ్యాయి. 1995 అక్టోబరు 30న రెండోసారి ఓటు జరిగినప్పుడు 93 శాతానికి పైగా ఓటర్లు వచ్చారు, 50.58 శాతం వద్దన్నారు, 49.42 శాతం కావాలన్నారు. తేడా 54,288 ఓట్లు. తమను డబ్బు, కొన్ని జాతుల ఓట్లు ఓడించాయని ఆ రాత్రి క్యుబెక్ ప్రావిన్సు ప్రభుత్వాధినేత జాక్ పారిజో అన్న మాట, వలస వచ్చినవారికి నేటికీ గుచ్చుకుంటూనే ఉంది.

వేర్పాటు వేడి తగ్గినా భాష భయం తగ్గలేదు. ఫ్రెంచి ప్రథమ అధికార భాషగా ఉన్నవారు 2016లో దేశ జనాభాలో 22.2 శాతం కాగా 2021 లెక్కల్లో 21.4 శాతానికి తగ్గారు. క్యుబెక్ 2022లో తన భాషా చట్టాన్ని మరింత బిగించింది. ఫెడరల్ ప్రభుత్వం 2023 నుంచి క్యుబెక్ బయట స్థిరపడదలచిన ఫ్రెంచి పరిజ్ఞానులను వలసకు ప్రత్యేకంగా ఎంపిక చేస్తోంది. మన పిల్లలు ఫ్రెంచి పరీక్షలకు కూర్చోవడం వెనుక ఉన్నది ఈ తగవే.

ఇంత కథలోనూ 'కనటా' అన్న ఆ మొదటివారి, అంటే ఆదివాసుల, ఊసు దాదాపు రాలేదు. 'మా ఇంటికి మేమే యజమానులం' అన్న క్యుబెక్ 1970లలో జేమ్స్ అఖాతం వైపు నదుల మీద కట్టదలచిన జలవిద్యుత్ ఆనకట్టలు క్రీ, ఇన్యుయిట్ ప్రజల వేటభూముల్లోవి. వారు కోర్టుకెక్కాకే 1975లో వారితో ఒప్పందం కుదిరింది. 1995లో క్రీలు విడిగా ఓటు పెట్టుకుని 96.3 శాతంతో క్యుబెక్ వెంట వెళ్లేది లేదన్నారు. కెనడాను చీల్చవచ్చంటే క్యుబెక్‌నూ చీల్చవచ్చని వాదించారు. సుమారు లక్షా యాభై వేల మంది ఆదివాసీ పిల్లలను ఇళ్ల నుంచి తీసుకుపోయి, మాతృభాష మాట్లాడితే దండించిన వసతి బడుల్లో చివరివి 1990ల దాకా నడిచాయి.

2021 జులైలో మేరీ సైమన్ గవర్నర్ జనరల్ అయ్యారు. ఆ పదవి చేపట్టిన తొలి ఆదివాసీ ఆమె. అప్పటికి ఆమెకు ఇన్యుయిట్ ప్రజల భాష ఇనుక్టిటుట్, ఇంగ్లీషు వచ్చు, ఫ్రెంచి రాదు. ద్విభాషా దేశానికి ఇది తగదని అధికార భాషల కమిషనర్‌కు వందలాది ఫిర్యాదులు వెళ్లాయి. తాను పుట్టింది క్యుబెక్ ఉత్తర భాగంలోనేనని, చిన్నప్పుడు ఫెడరల్ ప్రభుత్వం నడిపిన బడిలో తనకు ఫ్రెంచి నేర్చుకునే అవకాశమే ఇవ్వలేదని ఆమె చెప్పుకోవలసి వచ్చింది.