కారు తెరపై ఆరంకెలు: ఫోనుకూ కారుకూ మధ్య కుదిరే రహస్యం

ఫోనును బ్లూటూత్ ద్వారా కారుతో మొదటిసారి జతచేసేటప్పుడు రెండు తెరల మీదా ఒక ఆరంకెల సంఖ్య కనిపిస్తుంది. రెండుచోట్లా ఉన్నది ఒకే సంఖ్యేనా అని ఫోనూ అడుగుతుంది, కారూ అడుగుతుంది. మనలో చాలామంది ఆ అంకెలను చదవకుండానే ఓకే నొక్కి, పాటల వైపో మ్యాపు వైపో వెళ్లిపోతారు. జతచేసే ప్రక్రియ మొత్తంలో భద్రత కోసం మనిషికి అప్పగించిన పని ఆ ఒక్కటే. యంత్రాలు తమంతట తాము తేల్చుకోలేని విషయం కాబట్టే దానిని మనకు వదిలిపెట్టారు. ఆ అంకెలు ఎక్కడి నుంచి వస్తాయో, వాటిని ఎందుకు పోల్చి చూడాలో కారు వాడే ప్రతివారూ తెలుసుకోవాలని నేను గట్టిగా నమ్ముతాను.

ముందుగా ఈ సంభాషణ జరిగే చోటు గురించి చెప్పుకోవాలి. స్వీడన్‌కు చెందిన ఎరిక్సన్ సంస్థలో 1994లో మొదలైన పరిశోధన నుంచి బ్లూటూత్ పుట్టింది; 1998లో ఎరిక్సన్, నోకియా, ఐబీఎం, ఇంటెల్, తొషీబా సంస్థలు కలిసి దాని ప్రమాణాలను రూపొందించే సంఘాన్ని ఏర్పాటు చేశాయి. బ్లూటూత్ 2400 నుంచి 2483.5 మెగాహెర్ట్జ్ వరకు ఉన్న పౌనఃపున్యాలలో పనిచేస్తుంది. తక్కువ శక్తితో వాడేవారికి ఈ పట్టీలో లైసెన్సు అక్కరలేదు. మన దేశంలో 2005 నుంచి ఆ వెసులుబాటు ఉంది. వైఫై రౌటర్లు, మైక్రోవేవ్ పొయ్యిలు, వైర్‌లెస్ మౌసులు అన్నీ ఇక్కడే ఉంటాయి కాబట్టి ఇది ఎప్పుడూ రద్దీగానే ఉంటుంది. ఆ రద్దీని తట్టుకోవడానికి బ్లూటూత్ ఈ పట్టీని 79 ఛానళ్లుగా విడదీసి, సెకనుకు 1600 సార్లు ఒక ఛానల్ నుంచి మరొక ఛానల్‌కు మారుతూ మాట్లాడుతుంది. ట్రాఫిక్‌లో చుట్టూ వంద ఫోన్లు ఉన్నా మన కారులో పాట సాధారణంగా తెగకపోవడానికి ఇదొక ముఖ్య కారణం. అయితే ఈ గెంతడం అంతరాయం నుంచి కాపాడుతుందే తప్ప గోప్యతను ఇవ్వదు. తగిన పరికరం ఉన్నవారు ఆ గెంతుల క్రమాన్ని పట్టుకుని, గాలిలో పోయే ప్రతి మాటనూ వినగలరు.

సెట్టింగ్స్‌లోకి వెళ్లి కొత్త పరికరం కోసం వెతకమన్నప్పుడు ఫోను కొన్ని నిర్ణీత పౌనఃపున్యాల మీద ‘ఎవరైనా ఉన్నారా’ అనే సంకేతాన్ని పంపుతుంది. జతకు సిద్ధంగా ఉన్న కారు అప్పుడప్పుడూ ఆ పౌనఃపున్యాలను ఆలకిస్తుంటుంది. ఒకరి గడియారం మరొకరికి తెలియదు కాబట్టి ఇద్దరూ ఒకే ఛానల్‌లో కలుసుకోవడానికి కొన్ని సెకన్లు పడుతుంది. జాబితాలో పేర్లు నెమ్మదిగా ఒక్కొక్కటే వచ్చి చేరడానికి కారణం ఇదే. ఆ పేరును నమ్మడానికి మాత్రం ఏ ఆధారమూ లేదు. ఏ పరికరానికైనా ఏ పేరైనా పెట్టుకోవచ్చు. అపార్ట్‌మెంట్ సెల్లారులో ఒకే మోడల్ కార్లు నాలుగు ఉంటే నాలుగూ ఒకే పేరుతో కనిపించవచ్చు.

ఇక అసలు చిక్కు. ఇంతకుముందు ఎన్నడూ పరిచయం లేని రెండు యంత్రాలు, అందరూ వినగలిగే గాలిలో మాట్లాడుకుంటూనే, తమ ఇద్దరికి తప్ప మరెవరికీ తెలియని ఒక రహస్య సంఖ్యను కుదుర్చుకోవాలి. తొలినాళ్లలో దీనికి నాలుగంకెల పిన్ వాడేవారు, అది చాలాసార్లు 0000 లేదా 1234. రహస్యం ఆ పిన్ నుంచే పుట్టేది కాబట్టి, జతచేసే సమయంలో గాలిలోని సందేశాలను నమోదు చేసుకున్నవారు ఆ తరువాత తీరికగా పదివేల పిన్‌లనూ కంప్యూటర్‌లో ప్రయత్నించి రహస్యాన్ని రాబట్టగలిగేవారు. 2011లో కాలిఫోర్నియా, వాషింగ్టన్ విశ్వవిద్యాలయాల పరిశోధకులు ఒక కారు బ్లూటూత్ పిన్‌ను, యజమాని ప్రమేయమే లేకుండా, వరుసగా ఊహిస్తూ పోయి సగటున సుమారు 10 గంటల్లో కనుక్కోగలమని చూపించారు.

2007లో వచ్చిన బ్లూటూత్ 2.1 ప్రమాణం ఈ పద్ధతిని మార్చింది. దాని వెనుక ఉన్నది 1976లో గూఢలిపి శాస్త్రవేత్తలు విట్‌ఫీల్డ్ డిఫీ, మార్టిన్ హెల్‌మన్ ప్రకటించిన ఆలోచన. అది ఎంత అందమైనదో చిన్న సంఖ్యలతో చేసి చూస్తేనే తెలుస్తుంది. 17 అనే ప్రధాన సంఖ్యనూ 3 అనే సంఖ్యనూ అందరికీ తెలిసేలా ఎంచుకుందాం. ఫోను తనలో తాను 6 అనే రహస్యాన్ని అనుకుంటుంది. 3ను ఆరవ ఘాతానికి హెచ్చిస్తే 729, దానిని 17తో భాగిస్తే శేషం 15. ఆ 15ను బహిరంగంగా కారుకు పంపుతుంది. కారు 7 అనే రహస్యాన్ని అనుకుంటుంది; 3 ఏడవ ఘాతం 2187, దానిని 17తో భాగిస్తే శేషం 11. ఆ 11ను ఫోనుకు పంపుతుంది. ఇప్పుడు ఫోను తనకు వచ్చిన 11ను తన రహస్యమైన 6వ ఘాతానికి హెచ్చించి 17తో భాగిస్తే శేషం 8 వస్తుంది. కారు తనకు వచ్చిన 15ను 7వ ఘాతానికి హెచ్చించి 17తో భాగించినా శేషం 8 వస్తుంది. ఇద్దరి చేతికీ ఒకే సంఖ్య వచ్చింది, కానీ 8 అనేది గాలిలో ఒక్కసారి కూడా ప్రయాణించలేదు. చాటున విన్నవారికి దక్కినవి 17, 3, 15, 11 మాత్రమే. ఇంత చిన్న సంఖ్యలైతే కాగితం మీద వెతికి రహస్యాన్ని పట్టుకోవచ్చు. నిజంగా వాడేవి దీర్ఘవృత్త వక్రాలనే బీజగణిత రూపాల మీది బిందువులు, ఇప్పటి ప్రమాణంలో 256 బిట్ల సంఖ్యలు. వాటి నుంచి వెనక్కు లెక్కవేసి రహస్యాన్ని రాబట్టడం నేటి కంప్యూటర్లకు సాధ్యం కాదు.

ఇంతటి గణితానికీ ఒక లోటు ఉంది. తాను కుదుర్చుకున్న రహస్యం ఎవరితో కుదిరిందో ఫోనుకు తెలియదు. పక్కన ఆగిన వాహనంలో ఒకరు కూర్చుని, ఫోనుకు తానే కారునని, కారుకు తానే ఫోనునని నమ్మించవచ్చు. అప్పుడు ఫోనుతో ఒక రహస్యం, కారుతో ఇంకొక రహస్యం కుదుర్చుకుని, మధ్యలో నిలబడి ప్రతి సందేశాన్నీ చదివి అటూ ఇటూ అందించవచ్చు. వింటున్నవాడిని ఆపగలిగిన గణితం ఈ మధ్యవర్తిని ఆపలేదు. ఆరంకెల సంఖ్య అవసరమయ్యేది ఇక్కడే. రెండు వైపుల నుంచి వచ్చిన బహిరంగ సంఖ్యలనూ, ఇద్దరూ అప్పటికప్పుడు యాదృచ్ఛికంగా ఎంచుకున్న మరో రెండు సంఖ్యలనూ కలిపి, తిరిగి విడదీయడానికి వీలుకాని ఒక లెక్క చేస్తారు. దాని ఫలితంలో చివరి ఆరంకెలే తెర మీద మనకు కనిపించేవి. మధ్యలో ఎవరూ లేకపోతే రెండు తెరల మీదా అవి ఒకటే. ఎవరైనా ఉంటే, ఫోనుకు చేరిన బహిరంగ సంఖ్య కారు పంపినది కాదు కాబట్టి అంకెలు తేడాగా వస్తాయి.

మధ్యవర్తి తెలివైనవాడైతే, రెండు తెరల మీదా ఒకే అంకెలు వచ్చేవరకు రకరకాల యాదృచ్ఛిక సంఖ్యలను ప్రయత్నించవచ్చు కదా అన్న సందేహం రావాలి. పది లక్షల అవకాశాలు కంప్యూటర్‌కు పెద్ద లెక్క కాదు. ప్రమాణాన్ని రాసినవారు దీన్నీ ఆలోచించారు. జతకు పిలుపు అందుకున్న పరికరం తన యాదృచ్ఛిక సంఖ్యను వెంటనే బయటపెట్టకుండా, ముందుగా దాని ముద్రను, అంటే ఆ సంఖ్య నుంచి లెక్కించిన, వెనక్కు విప్పలేని గుర్తును మాత్రమే పంపాలి. అవతలి పరికరం తన సంఖ్యను వెల్లడించిన తరువాతే అసలు సంఖ్యను చూపాలి. చూపిన సంఖ్య ముందు పంపిన ముద్రతో సరిపోవాలి. ఎదుటివారి సంఖ్య తెలియకముందే తన సంఖ్యకు కట్టుబడి ఉండవలసి రావడంతో మధ్యవర్తికి ఒక్క ప్రయత్నం మాత్రమే మిగులుతుంది, అందులో గెలిచే అవకాశం పది లక్షల్లో ఒకటి. ఆరంకెలు చాలడానికి కారణం ఈ క్రమమే. ఇంత శ్రద్ధగా కట్టిన రక్షణ అంతా ఆ అంకెలను మనిషి నిజంగా చదవడం మీద ఆధారపడి ఉంది. చదవకుండా నొక్కితే మధ్యవర్తి ఒక్క ప్రయత్నమూ చేయనక్కరలేదు.

తెర లేని పరికరాలకు ఈ రక్షణ లేదు. చెవిలో పెట్టుకునే ఇయర్‌ఫోన్లు, పాత కార్ల చార్జింగ్ సాకెట్‌లో గుచ్చే చవక బ్లూటూత్ పరికరాలు అంకెలను చూపించలేవు కాబట్టి ఏ పోలికా లేకుండానే జతకు ఒప్పుకుంటాయి. పాటలు వినడానికి అది సరిపోవచ్చు. వాటికి కాంటాక్టులు చదివే అనుమతి ఇవ్వకపోవడం మంచిది.

ఒకసారి జత కుదిరాక 128 బిట్ల తాళంచెవి లాంటి సంఖ్య ఒకటి రెండు పరికరాల జ్ఞాపకంలోనూ నిలిచిపోతుంది. మర్నాడు కారు స్టార్ట్ చేయగానే అంకెలు అడగకుండా ఫోను కలిసిపోవడానికి కారణం అదే. ఒక యంత్రం మరొకదానికి యాదృచ్ఛిక సంఖ్యను పంపి, దాచుకున్న సంఖ్య సాయంతో జవాబు చెప్పమంటుంది. జవాబు సరైతే బంధం కొనసాగుతుంది. ఫోనులో మాత్రమే కారును తొలగించి, కారులో ఫోను పేరును అలాగే వదిలేసినప్పుడు తిరిగి జతచేయబోతే తరచుగా మొండికేయడానికి కారణం కూడా ఇదే: కారు పాత సంఖ్యతో జవాబు ఆశిస్తుంది, ఫోను దగ్గర అది లేదు. రెండువైపులా తొలగించి మొదటి నుంచి జతచేయాలి.

కాల్స్, పాటలు వరకు బ్లూటూత్ సరిపోతుంది. తెర నిండా మ్యాపు కదలాలంటే సరిపోదు, ఎందుకంటే వాడుకలో ఉన్న బ్లూటూత్ గరిష్ఠ వేగం సెకనుకు 3 మెగాబిట్లే. ఫోనులోని మ్యాపును, యాప్‌లను కారు తెర మీద చూపించే ఆపిల్ కార్‌ప్లే, గూగుల్ ఆండ్రాయిడ్ ఆటో రెండింటినీ 2014లో ప్రకటించారు. మొదట్లో రెంటికీ తీగ కావలసిందే. తీగ లేని పద్ధతిలో బ్లూటూత్ పరిచయకర్త మాత్రమే అవుతుంది. అప్పటికే కుదిరిన రహస్య బంధం మీదుగా వైఫై పేరు, పాస్‌వర్డ్ చేతులు మారతాయి. ఫోను వెంటనే కారులోని వైఫైకి, సాధారణంగా 5 గిగాహెర్ట్జ్ పట్టీలో, చేరిపోతుంది. మనం ఏ పాస్‌వర్డూ టైపు చేయనక్కరలేకపోవడం ఇందువల్లే. ఆ తరువాత మ్యాపును గీసేది ఫోనే. తాను గీసిన బొమ్మను వీడియోగా కుదించి కారు తెరకు పంపుతుంది, మన వేలు తెర మీద ఎక్కడ తాకిందో కారు ఫోనుకు తిరిగి చెబుతుంది. ఆండ్రాయిడ్ ఆటోలో కాల్స్ శబ్దం మాత్రం బ్లూటూత్ మీదనే సాగుతుంది.

ఫోను మీద ఇది చిన్న భారం కాదు. వీడియో కుదింపు, వైఫై, జీపీఎస్, మొబైల్ డేటా అన్నీ ఏకకాలంలో నడుస్తాయి. మే నెలలో రామగుండంలోనో విజయవాడలోనో ఎండలో నిలిపిన కారు ఎక్కి, ఫోనును డాష్‌బోర్డు మీదుంచి, పైగా వైర్‌లెస్ చార్జింగ్ పెడితే ఫోను వేడెక్కి వేగం తగ్గించుకుంటుంది, మ్యాపు తడబడుతుంది. ఏసీ గాలి తగిలేచోట ఫోను ఉంచితే, లేదా ఆ కాసేపు తీగ వాడితే చాలాసార్లు సర్దుకుంటుంది.

జతచేసినప్పుడు కారు అడిగే అనుమతులను కూడా చదవాలి. కాంటాక్టులకు ఒప్పుకుంటే పేర్లు, నంబర్లు, కాల్ చరిత్ర కారులోకి నకలవుతాయి, చాలా కార్లలో అక్కడే నిల్వ ఉంటాయి. సెల్ఫ్‌డ్రైవ్‌కు తీసుకున్న కారు తిరిగి ఇచ్చేటప్పుడు, సొంత కారు అమ్మేటప్పుడు ఆర్సీ, తాళాలు, బీమా కాగితాలు గుర్తుపెట్టుకునేవారు కూడా ఈ నకలును మరచిపోతుంటారు. ఫోనులో కారు పేరును తొలగించినంత మాత్రాన అది చెరిగిపోదు. కారు తెర మీదనే సెట్టింగ్స్‌లోకి వెళ్లి, జతచేసిన పరికరాల జాబితాలో మన ఫోనును తొలగించాలి; అమ్మేస్తున్న కారైతే సిస్టమ్‌ను పూర్తిగా ఫ్యాక్టరీ రీసెట్ చేసి, జాబితా ఖాళీ అయిందో లేదో చూసుకున్నాకే తాళాలు చేతికివ్వాలి.