విండో మూశారు, సర్వర్ ఆగిందా?

అనంతపురం

చిరంజీవులిద్దరికీ తాతయ్య ఆశీస్సులు.

మొన్న ఇంటికొచ్చినప్పుడు గజీబో, అదే మీ రోబోను కంప్యూటర్లో నడిపి చూసే సిమ్యులేటర్, రెండోసారి తెరుచుకోలేదు కదా. అడ్రస్ వాడుకలో ఉందని ఎర్ర అక్షరాలు కనబడేసరికి టెన్షన్ పడి ల్యాప్‌టాప్ రీస్టార్ట్ చేసేశారు. బస్సు వేళయిందని అప్పుడు ఏమీ చెప్పలేదు.

పాత గజీబోలో లెక్కలు చేసేది జీజెడ్ సర్వర్, బొమ్మ చూపించేది జీజెడ్ క్లయింట్. రోబో ప్రోగ్రాములను కలిపి నడిపే రాస్‌లో, అన్నిటినీ ఒకేసారి మొదలుపెట్టే లాంచ్ ఫైలుతో నడిపితే రెండూ విడివిడి ప్రోగ్రాములు. మీరు మూసింది బొమ్మని. తోటలో షెడ్డు తలుపేసి వచ్చేస్తే బోరు మోటర్ ఆగుతుందా? సర్వర్ 11345 పోర్టు పట్టుకుని నడుస్తూనే ఉంది, వాడుకలో ఉందన్న అడ్రస్ అదే. లాంచ్ చేసిన టెర్మినల్లోనే కంట్రోల్ సి కొట్టాలి. కంట్రోల్ జెడ్ కొట్టొద్దు, అది ప్రోగ్రామును నిద్రపుచ్చుతుందే గానీ ఆపదు, పోర్టూ వదలదు.

మీరు పైథాన్‌లో రాసిన బటన్ల ప్యానెల్ సంగతి వేరు. అది కంట్రోల్ సి కొట్టినా పోలేదు, కాసేపటికి ఏదో బటన్ నొక్కగానే పోయింది. విండోలూ బటన్లూ గీసే క్యూట్ లైబ్రరీలో, నొక్కుళ్ళ కోసం కాచుకునే ఈవెంట్ లూప్ సి ప్లస్ ప్లస్‌లో తిరుగుతుంటుంది. కంట్రోల్ సి పంపే ‘ఆగు’ సిగ్నల్ అందినా, దానికి స్పందించే కోడ్, అదే హ్యాండ్లర్, నడవాలంటే పైథాన్ కోడుకు వంతు రావాలి. బటన్ నొక్కితే ఆ వంతు వచ్చింది. అందుకే 200 మిల్లీసెకన్లకోసారి మోగే క్యూటైమర్ ఒకటి పెట్టండి. అందులో రాస్ ఇంకా నడుస్తోందా అని అడగండి, నడవట్లేదని తేలితే క్విట్ పిలవండి. లూప్ బయటికొచ్చాక ముందు రాస్ సందేశాలు అందుకునే స్పిన్ థ్రెడ్‌ని ఆపి, అది ముగిసేదాకా ఆగి, ఆ తర్వాతే నోడ్‌ని, అంటే రాస్‌లో మీ ప్యానెల్ భాగాన్ని, తీసేయండి. ఈ వరస తప్పితే మూసేటప్పుడు సెగ్మెంటేషన్ ఫాల్ట్ వచ్చి ప్రోగ్రాము కూలిపోవచ్చు.

విసుగొచ్చి ప్రోగ్రామును బలవంతంగా చంపే కిల్ మైనస్ 9 మాత్రం వాడకండి. రాస్ 2 లాంచ్ కూడా ముందు మర్యాదగా సిగింట్, అదే కంట్రోల్ సి సిగ్నల్, పంపి 5 సెకన్లు చూస్తుంది, తర్వాత ముగించమని చెప్పే సిగ్‌టర్మ్ పంపి మరో 5 సెకన్లు ఆగుతుంది. అప్పటికీ వినకపోతేనే సిగ్‌కిల్, మీ 9 అదే. 9 కొడితే ప్రోగ్రాముకు సర్దుకునే వ్యవధే ఉండదు. రాస్ సందేశాలను దాచే బ్యాగ్ రికార్డింగ్, తన వివరాల ఫైలు మెటాడేటా రాయకుండానే పోతుంది. నిజం రోబో బండి మీదైతే చక్రాలకు ‘ఆగు’ అని చెప్పే చివరి ఆజ్ఞ కూడా వెళ్ళదు. నా భయమంతా దాని గురించే.

ఆదివారం ప్యానెల్ కోడ్ పట్టుకురండి. టైమర్ పెట్టి పదిసార్లు తెరిచి మూద్దాం, ప్రాసెస్‌ల జాబితాలో ఏదీ మిగలకూడదు. చెనిక్కాయలు ఉడకబెట్టి ఉంచమంటాను.

మీ తాతయ్య