తన చేతిలో ఉన్న విషయమేనా? సైనికుడి సిగరెట్ చుట్టూ తిరుగుతున్న ఒక్క వాక్యం

సర్వీసు వల్ల వచ్చిన వైకల్యానికి సైనికులకిచ్చే వైకల్య పింఛను గొడవ మళ్లీ రాజుకుంది. ఇది రాజుకున్న ప్రతిసారీ బెంగళూరులో అల్సూరు, జాలహళ్లి, కృష్ణరాజపురం వైపు స్థిరపడ్డ తెలుగు మాజీ సైనికుల మధ్య అదే ప్రశ్న తిరుగుతుంది. గుండెజబ్బుతో సర్వీసు వదిలి వచ్చినవాడి వైద్య పత్రాల్లో 'పొగతాగే అలవాటు ఉంది' అన్న మాట పడితే, అది అతన్ని ఎంత దూరం వెంటాడుతుంది? ఆ వెనకే ఇంకో ప్రశ్న వస్తుంది: అతని చేత సిగరెట్ మాన్పించే పని ఎవరిది? రెండింటి వేరూ ఒకే వాక్యంలో ఉంది.

యుద్ధాల్లో సిపాయికి తిండితోపాటు సిగరెట్లూ పంచిన సంగతి అందరికీ తెలిసిందే. అమెరికా సైన్యం రేషన్ పెట్టెల్లోంచి వాటిని 1975లో గానీ తీయలేదు. ఆ కథ ఇక్కడితో ఆపేద్దాం. ఇవాళ్టి తగాదాకు ముడి పడింది 2002లో.

సైనిక పింఛన్ల విషయంలో వైద్యాధికారులకు దారి చూపే 'గైడ్ టు మెడికల్ ఆఫీసర్స్' 2002 కూర్పులో ఒక వాక్యం ఉంది. మద్యం, పొగాకు, మత్తుమందులు మితిమీరి వాడినందువల్ల కలిగిన వైకల్యానికి గానీ మరణానికి గానీ పరిహారం ఇవ్వరాదు, అవి ఆ మనిషి చేతిలో ఉన్న విషయాలు కాబట్టి. ఇదీ దాని సారం. ఎన్ని సిగరెట్లు దాటితే మితిమీరినట్టో చెప్పే అంకె ఆ వాక్యంలో లేదు.

అదే 2002లో కేంద్ర ఆరోగ్య శాఖ, ప్రపంచ ఆరోగ్య సంస్థ కలిసి దేశంలో 13 చోట్ల పొగాకు మాన్పించే క్లినిక్‌లు తెరిచాయి. వాటిలో ఒకటి బెంగళూరులోని మానసిక ఆరోగ్య సంస్థ నిమ్హాన్స్‌లో. నికోటిన్‌కు అలవాటు పడటం ఒక జబ్బనీ, దానికి డాక్టరు, మందు, మళ్లీ మళ్లీ పలకరింపు కావాలనీ ఒప్పుకుంటేనే కదా క్లినిక్ తెరిచేది! జబ్బుల అంతర్జాతీయ పట్టికలో దానికి ఎఫ్17 అని సంకేతం కూడా ఉంది. అంటే ఒకే ప్రభుత్వం ఒకే ఏడాది ఒక శాఖలో 'నీ అంతట నువ్వు మానలేవు, రా, సాయం చేస్తాం' అంది. ఇంకో శాఖలో 'నీ చేతిలో ఉన్నదే, నీదే బాధ్యత' అంది. ఆ తర్వాత జరిగిందంతా ఈ రెండు మాటల మధ్య నలుగుతూనే వచ్చింది.

ఆ వాక్యం చేసిన పెద్ద నష్టం పింఛనులో లేదు, వైద్య పరీక్ష గదిలో ఉంది. ఏటా జరిగే పరీక్షలో 'సిగరెట్ తాగుతావా' అని అడిగితే జవాను నోట వచ్చే జవాబు 'నహీ సాబ్'. నిజం చెబితే కాగితం మీద పడుతుంది, పదేళ్ల తర్వాత గుండెపోటు వస్తే ఆ కాగితమే ఎదురు తిరుగుతుందన్న భయం. అబద్ధం చెబితే డాక్టరుకు వైద్యం మొదలుపెట్టే సందే ఉండదు. బయటి ప్రపంచంలోనూ పరిస్థితి గొప్పగా లేదు. 2016-17 జాతీయ పొగాకు సర్వేలో, డాక్టరు దగ్గరికి వెళ్లిన పొగరాయుళ్లలో 48.8 శాతం మందికే మానమన్న సలహా దక్కింది. సైన్యంలో దీనికి తోడు దాపరికం.

గుండెజబ్బు కేసుల్లో ఇంకో చిక్కుంది. జబ్బు బయటపడటానికి ముందు 14 రోజుల్లో ఆ మనిషి ఏ ఏ డ్యూటీ చేశాడో వైకల్యానికి కారణం తేల్చే వైద్య బోర్డు చూస్తుంది. ఎత్తైన కొండల్లోనో సరిహద్దు గస్తీలోనో గడిచిన ఏళ్లు ఆ రెండు వారాల కిటికీలోంచి కనపడవు. సిగరెట్ అలవాటు దగ్గరికి వచ్చేసరికి మాత్రం ఇరవై ఏళ్ల లెక్క తీస్తారు. డ్యూటీ ఒరిపిడికి ఒక కొలత, అలవాటుకు ఇంకో కొలత పెట్టడం న్యాయం కాదు.

బోర్డుల వాదన కూడా తీసిపారేయదగ్గది కాదు. ఒకే పోస్టులో ఒకే డ్యూటీ చేసిన ఇద్దరిలో ఒకడు సిగరెట్ ముట్టలేదు, జబ్బూ పడలేదు; సర్వీసు వల్ల కలిగిన గాయానికే పింఛను అంటారు. 2013 జూలై 2న ధరంవీర్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు బరువును మాత్రం సైనికుడి వైపు దించింది. భర్తీ నాటి పత్రాల్లో జబ్బు ఊసు లేకపోతే మనిషి ఆరోగ్యంగానే చేరాడని భావించాలి, కాదనే బోర్డు కారణాలు రాసి చూపాలి, సందేహం ఉంటే ఆ లాభం సైనికుడికే. 2023 సెప్టెంబర్ 21 నుంచి కొత్త నిబంధనలు వచ్చి, వైకల్యం ఉన్నా సర్వీసులో కొనసాగినవారికి పింఛనులో దానికోసం ఇచ్చే భాగానికి 'ఇంపెయిర్‌మెంట్ రిలీఫ్' అని పేరు మారాక పాత భయాలన్నీ మళ్లీ పైకి లేచాయి.

అమెరికాలోనూ ఇదే ముడి పడింది, కానీ విప్పిన తీరు వేరు. సర్వీసులో పొగాకు వాడినందుకే జబ్బు వచ్చిందంటే పరిహారం లేదని 1998లో అక్కడ చట్టం చేశారు. అయినా వైద్యం తలుపు మూయలేదు. మాజీ సైనికుల ఆసుపత్రులే మందులిచ్చి మాన్పించడం, వారికంటూ ప్రత్యేక ఫోన్ లైన్, ఫోన్‌కు సందేశాలు పంపే ఏర్పాటు వచ్చాయి. 2019లో ఆ ఆసుపత్రుల ఆవరణల్లో పొగ పూర్తిగా ఆగింది. డబ్బు మాట ఒక గదిలో, మందు మాట ఇంకో గదిలో పెట్టారు. మనం ముందుగా చేయాల్సింది అదే.

మాన్పించే పని ఎలా ఉంటుందో తెలిస్తే 'తన చేతిలో ఉంది' అన్న మాట ఎంత తేలికో అర్థమవుతుంది. సెంట్రీ డ్యూటీ రెండు గంటలు, విశ్రాంతి నాలుగు గంటలు. డ్యూటీలో వెలిగించకూడదు, తర్వాతి కాపలాకి వచ్చే రిలీవర్ రాగానే వెలిగిస్తారు. ఏళ్ల తరబడి ఇలా సాగితే, తుపాకీ అప్పగించే క్షణానికీ సిగరెట్‌కీ మెదడులో లంకె పడుతుంది. అదే మనిషి రిటైరయ్యాక వైట్‌ఫీల్డ్‌లోనో మారతహళ్లిలోనో ఏ కంపెనీ గేటు దగ్గరో పన్నెండు గంటల రాత్రి కాపలాకి కుదిరితే, షిఫ్టు చేతులు మారే వేళకు చెయ్యి దానంతటదే జేబులోకి వెళుతుంది. సిగరెట్‌లోని నికోటిన్ కొన్ని సెకన్లలో మెదడుకు చేరుతుంది. మాన్పించడానికి ఇచ్చే నికోటిన్ గమ్‌లోది పనిచేయడానికి 20 నుంచి 30 నిమిషాలు పడుతుంది. కాబట్టి రిలీవర్ వచ్చాక గమ్ వేసుకుంటే ఓడిపోయినట్టే. రావడానికి 20 నిమిషాల ముందే నోట్లో ఉండాలి.

గమ్ విఫలమయ్యేది ఎక్కువగా నమిలే తీరులో. బబుల్‌గమ్ లాగా నమిలి రసం మింగితే ఎక్కిళ్లు, గుండెల్లో మంట తప్ప లాభం లేదు, నికోటిన్ లోపలికి వెళ్లాల్సింది బుగ్గ లోపలి చర్మం గుండా. మెల్లగా నమలాలి, కారంగా చురుక్కుమనగానే ఆపి బుగ్గకీ చిగురుకీ మధ్య పెట్టుకోవాలి, చురుకు తగ్గాక మళ్లీ నమలాలి. ఒక్కోటి అరగంట. గమ్‌కు ముందు 15 నిమిషాలు, అది నోట్లో ఉన్నంతసేపూ కాఫీ, నిమ్మరసం, కూల్‌డ్రింకు తాగకూడదు, ఆ పులుపు నికోటిన్‌ను లోపలికి పోనివ్వదు. బెంగళూరులో ఒక చేత్తో ఫిల్టర్ కాఫీ, ఇంకో చేత్తో గమ్ పట్టుకుని 'పనిచేయలేదు' అన్నవారిలో చాలామంది పొరపాటు ఇక్కడే. నిద్ర లేచిన అరగంటలోపే మొదటి సిగరెట్ వెలిగించేవారికి 2 మిల్లీగ్రాములది చాలదు, 4 కావాలి. దానికి డాక్టరు చీటీ ఉండాలి. మొదటి ఆరు వారాలు గంటకో రెండు గంటలకో ఒకటి, తర్వాత తగ్గిస్తూ మొత్తం 12 వారాలు. బాగానే ఉందని రెండు వారాలకే ఆపేస్తే అలవాటు తిరిగి పట్టుకుంటుంది.

చర్మానికి అతికించే నికోటిన్ ప్యాచ్ అయితే రోజుకు పదికి మించి తాగేవారికి 21 మిల్లీగ్రాములది ఆరు వారాలు, తర్వాత 14ది రెండు వారాలు, 7ది రెండు వారాలు. వెంట్రుకలు లేని పొడి చర్మం మీద, రోజూ చోటు మార్చి అతికించాలి. యుద్ధ జ్ఞాపకాలతో పీడకలలు వచ్చేవారు పడుకునే ముందు తీసేయాలి, రాత్రంతా ఉంచితే కలలు ఇంకా ముదురుతాయి. పొద్దున్నే వచ్చే ఆరాటానికి ఒక గమ్ పక్కన పెట్టుకోవాలి. ఈమధ్యే గుండెపోటు వచ్చినవారు ఏది వాడాలన్నా గుండె డాక్టర్ని అడిగాకే.

సిగరెట్ మాన్పించే వరెనిక్లిన్ మాత్ర మీద మనసు చెదురుతుందన్న హెచ్చరిక 2009లో అమెరికా ఔషధ సంస్థ పెట్టించింది. 8,000 మందికి పైగా పాల్గొన్న పరీక్ష తర్వాత 2016లో తీయించింది. ఆ పరీక్షలో దాదాపు సగం మంది మానసిక సమస్యలున్నవారే. పాత భయంతో ఆ మాత్ర రాయని డాక్టర్లకు ఈ సంగతి చెప్పాలి. ఇంకో మందు బూప్రోపియాన్, మూర్ఛ చరిత్ర ఉన్నవారికి పనికిరాదు.

మానాక జరిగే ఒక మార్పు చాలామందికి తెలియదు. పొగ ఆగితే కాలేయం కాఫీని అరిగించే వేగం తగ్గుతుంది, అదే మూడు కప్పులకు గుండె దడ, నిద్రలేమి వస్తాయి. దాన్ని సిగరెట్ లేని లోటనుకుని మళ్లీ వెలిగిస్తారు. కాఫీ సగానికి తగ్గిస్తే సరిపోతుంది. ఉబ్బసానికి థియోఫిలిన్ వాడేవారు మాత్రం డాక్టరుకు ముందే చెప్పి మోతాదు తగ్గించుకోవాలి, లేకపోతే అదే మోతాదు ఒంట్లో ఎక్కువైపోతుంది.

పొగాకు మానడానికి ఫోన్‌లో సాయం చేసే జాతీయ క్విట్‌లైన్ దక్షిణాది కేంద్రం 2018 నుంచి నిమ్హాన్స్‌లోనే ఉంది. 1800-11-2356కి చేస్తే తెలుగులోనే మాట్లాడతారు, మానే తేదీ పెట్టిస్తారు, ఆ తర్వాత వాళ్లే తిరిగి ఫోన్ చేసి కనుక్కుంటారు. సిగరెట్ పెట్టె మీద అచ్చయ్యే నంబరు అదే. ఆ సంభాషణ సర్వీసు కాగితాల్లోకి ఎక్కదు. 'నహీ సాబ్' అని చెప్పి వచ్చినవాడికి మొదటి అడుగు వేయడానికి ఇది చాలు.

మాజీ సైనికులు వైద్యానికి వెళ్లే పాలీక్లినిక్‌ల సంగతి మిగిలింది. వాటిని నడిపే మాజీ సైనికుల ఆరోగ్య పథకం 2003 ఏప్రిల్ 1న మొదలైంది. 2022 సెప్టెంబర్‌లో వచ్చిన జాతీయ అత్యావశ్యక మందుల జాబితాలో నికోటిన్ చికిత్స చేరింది. అంటే గమ్, ప్యాచ్ బీపీ మాత్రతో సమానమైన మందులని ప్రభుత్వమే రాసిపెట్టింది. పాలీక్లినిక్‌కు వెళ్లినప్పుడు చీటీలో ఎఫ్17 అని జబ్బు పేరుతో రాయించుకుని, మందు అడగాలి. మందు లేదని చెబితే, ఆ లేదన్న మాట కూడా కాగితం మీదే రాసి ఇమ్మనాలి.