యూదులు, ఇజ్రాయెలీలు, ఇశ్రాయేలీయులు: ఈ మాటల చుట్టూ అపోహలు - వాస్తవాలు

మొన్న రాత్రి పదకొండు దాటాక ఇజ్రాయెల్ నుంచి ఫోన్ వచ్చింది. పాలకొల్లు వైపు అమ్మాయి. అక్కడ ఒక పెద్దావిడని చూసుకునే కేర్‌గివర్ ఉద్యోగానికి వెళ్లి నెలన్నర అయింది. వెళ్లేముందు తన అగ్రిమెంటు తెలుగులో చదివి చెప్పింది నేనే. గొంతులో ఏడుపు వినపడుతోంది. "అక్కా, వీళ్లని జ్యూ అనకూడదంట కదా? అది తిట్టంట. నిన్న ఆవిడ కూతుర్ని 'యూ ఆర్ జ్యూ?' అని అడిగేశాను. ఉద్యోగం తీసేస్తారా?"

ఆవిడేమందని అడిగాను. "అవును అంది. టీ తాగుతావా అంది."

మరింకేంటమ్మా టెన్షన్ అంటే, పక్క వీధిలో పనిచేసే మనవాళ్లు చెప్పారట, వాట్సాప్‌లో కూడా వచ్చిందట. పంపినవాళ్లు హాయిగా నిద్రపోతుంటారు, చదివిన పిల్ల దేశం కాని దేశంలో అన్నం మానేసి కూర్చుంది. ఇలాంటి పుకార్లు పంపేవాళ్ల మీద నాకు చాలా కోపం.

పదకొండేళ్లు పత్రిక డెస్కులో పనిచేశాను. ఆ తర్వాతంతా అనువాదాలు, సబ్‌టైటిళ్లు. ఈ నాలుగైదు మాటల మీద వచ్చినన్ని సందేహాలు నాకు ఇంకే మాటల మీదా రాలేదు. అందుకే రాస్తున్నాను.

అపోహ: 'యూదు', 'జ్యూ' అనడమే తప్పు

కాదు. వాళ్లు తమని తాము హీబ్రూలో 'యెహుదీ' అనే చెప్పుకుంటారు. మన 'యూదు' కూడా ఆ వేరు నుంచి వచ్చిందే. బైబిల్లో యాకోబు నాలుగో కొడుకు యూదా. అతని పేరు మొదట ఒక గోత్రానికి, తర్వాత దక్షిణాన ఉన్న రాజ్యానికి వచ్చింది. ఉత్తరాన ఉన్న ఇశ్రాయేలు రాజ్యం క్రీ.పూ. 722లో అష్షూరు (అస్సీరియా) చేతిలో పడిపోయాక మిగిలింది యూదా రాజ్యమే. కాలం గడిచేకొద్దీ ఆ పేరే అందరిదీ అయింది. బైబిల్లోని ఎస్తేరు గ్రంథంలో మొర్దెకై పుట్టింది బెన్యామీను గోత్రంలో. అయినా ఆయన్ని యూదుడనే అన్నారు.

చిక్కంతా వాడే తీరులో ఉంది. ఇంగ్లీషులో 'జ్యూ లాయర్', 'జ్యూ డాక్టర్' అంటే అవమానం, 'జ్యూయిష్' అనాలి. గీచి గీచి బేరమాడటానికి 'జ్యూ' అనే మాటని క్రియగా వాడటం పాతకాలపు తిట్టు, దాన్ని ఎక్కడా వాడకూడదు. న్యూజెర్సీలో ఉన్న తెలుగు తల్లిదండ్రులు పిల్లలకి చెప్పాల్సింది ఈ రెండే. 'జ్యూ' అనే మాట వింటేనే పిల్లలు ఉలిక్కిపడేలా చేయొద్దు.

తెలుగులో ఆ తేడా లేదు. యూదు పండుగ, యూదు డాక్టరు అంటే ఏ ఇబ్బందీ ఉండదు. మన దగ్గర చూసుకోవాల్సింది చివర వచ్చే 'డు'. ఎనభై ఏళ్ల పెద్దమనిషి గురించి 'ఆ యూదుడు చెప్పాడు' అని రాస్తే ఎవరికైనా చివుక్కుమంటుంది. 'ఆయన యూదులు', 'ఆవిడ యూదు కుటుంబంలో పుట్టారు' అంటే సరిపోతుంది. పెద్దవాళ్ల గురించి మన ఇళ్లలో ఎలా మాట్లాడతామో అలాగే.

ఆ అమ్మాయిదే ఇంకో ప్రశ్న. "నన్ను 'గోయా' అన్నారు, తిట్టా?" గోయ్ అంటే బైబిలు హీబ్రూలో జనం, జాతి అని. ఇప్పుడు యూదులు కానివాళ్లని అంటారు, ఆడవాళ్లయితే గోయా. మన బైబిల్లో 'అన్యజనులు' అన్న మాట లాంటిదే. మామూలుగా అంటే మామూలు మాట, విసురుగా అంటే విసురు. ఏ గొంతుతో అన్నారో విన్నది తను కాబట్టి ఆ సంగతి తనకే తెలియాలి.

అపోహ: యూదులంటే ఇజ్రాయెల్ వాళ్లు, ఇజ్రాయెల్ వాళ్లంటే యూదులు

అన్నిటికంటే ఎక్కువ నష్టం చేసేది ఇదే. నేనూ చేశాను, కాబట్టి మొదట నా తప్పే చెబుతాను.

2008 నవంబరు, ముంబయి దాడులు. మూడు రాత్రులు డెస్కు వదల్లేదు. నారిమన్ హౌస్‌లో హసీదీ యూదుల (ఆచారాలు కట్టుదిట్టంగా పాటించే ఒక శాఖ) సంస్థ ఛాబాద్ కేంద్రం ఉందని వార్తా ఏజెన్సీ కాపీ వచ్చింది. 'ఇజ్రాయెలీలు బందీ' అని నేనే హెడ్డింగ్ పెట్టాను. కాపీలో ఉన్నది 'జ్యూయిష్'. నా చెయ్యి దాన్ని 'ఇజ్రాయెలీ' చేసేసింది. పైవాళ్లెవరూ అడగలేదు. అలాగే అచ్చయింది.

ఆ భవనంలో ఉన్న ఆరుగురు చనిపోయారు. తర్వాత ఒక్కొక్కరి వివరాలు వచ్చాయి. వాళ్లలో ఒకావిడ మెక్సికో దేశస్థురాలు. అమెరికాలో పుట్టిన ఒకాయన జియోనిజాన్ని, అంటే యూదులకి సొంత దేశం ఉండాలన్న ఉద్యమాన్ని, ఒప్పుకోని హసీదీ వంశంవారు. శవపేటిక మీద ఇజ్రాయెల్ జెండా కప్పొద్దని ఆయన కుటుంబం కోరింది. ఆయన జీవితమంతా ఏ గుర్తింపు వద్దనుకున్నారో చావు వార్తలో నేను ఆయనకి అదే అంటించాను. అదే ఇంట్లో పనిచేసే ఆయా రెండేళ్ల పిల్లాణ్ణి ఎత్తుకుని బయటపడింది. ఆమె మన దేశపు క్రైస్తవురాలు. 2010లో ఇజ్రాయెల్ ఆమెకి గౌరవ పౌరసత్వం ఇచ్చింది. ఒకే ఇంట్లో ఇజ్రాయెలీ కాని యూదులు ఉన్నారు, యూదు కాకుండా ఇజ్రాయెల్ పౌరసత్వం అందుకున్న మనిషీ ఉంది. ఇప్పటికీ జ్యూయిష్ అన్న మాట కాపీలో కనిపిస్తే నా చెయ్యి ఒక క్షణం ఆగుతుంది.

ఇజ్రాయెలీ అన్న మాట పాస్‌పోర్టుకి సంబంధించింది. 1948 మే 14న ఏర్పడిన ఆ దేశపు పౌరులెవరైనా ఇజ్రాయెలీలే. వాళ్లలో దాదాపు ఐదోవంతు అరబ్బులు. అందులో ముస్లింలు, క్రైస్తవులు, ద్రూజులనే చిన్న మత సమాజంవాళ్లు ఉన్నారు. మరోవైపు ప్రపంచంలో ఉన్న సుమారు కోటిన్నర మంది యూదుల్లో లక్షల మందికి ఇజ్రాయెల్ పౌరసత్వం లేదు, అమెరికాలో ఉన్నవాళ్లే అరవై లక్షలకి తక్కువ కాదు. అంతదూరం ఎందుకు, 1971 డిసెంబరులో ఢాకాలో పాకిస్తాన్ సైన్యం లొంగుబాటుకి షరతులు మాట్లాడి ఒప్పించిన జనరల్ జేకబ్ కోల్‌కతా యూదు కుటుంబంలో పుట్టినవారు. బాగ్దాద్ వైపు నుంచి వచ్చి స్థిరపడిన బాగ్దాదీ యూదులు. తర్వాత గోవాకి, పంజాబ్‌కి గవర్నరుగా పనిచేశారు. ఆయన్ని ఇజ్రాయెలీ అంటే ఎంత తప్పో ఆలోచించండి.

మూడో మాట జియోనిస్టు. అది ఒక రాజకీయ అభిప్రాయం. యూదులకి సొంత దేశం ఉండాలన్న ఉద్యమం పేరు జియోనిజం. దాని మొదటి మహాసభ 1897లో స్విట్జర్లాండ్‌లోని బాసెల్‌లో థియోడర్ హెర్జెల్ నడిపారు. ఆ అభిప్రాయం ఉన్న యూదులున్నారు, లేని యూదులున్నారు, ఉన్న క్రైస్తవులూ ఉన్నారు.

నాలుగోది ఇశ్రాయేలీయులు. మన బైబిలు భాషలో యాకోబు సంతతి. మోషే వెనక ఐగుప్తు (ఈజిప్టు) నుంచి నడిచి వచ్చిన జనం. నిన్నటి యుద్ధ వార్త చదివి 'ఇశ్రాయేలీయులు గెలిచారు' అని ఆదివారం ప్రసంగంలో చెబితే వినేవాళ్ల బుర్రలో నిర్గమకాండమూ నేటి క్యాబినెట్ నిర్ణయమూ ఒకటైపోతాయి. భక్తితోనే చెబుతారు, ఆ సంగతి నాకు తెలుసు. మా అమ్మమ్మ కూడా రేడియో వార్తలు వింటూ అలాగే అనేది. అయినా ఒక ప్రభుత్వం చేసే పని గ్రంథంలో రాసి ఉన్నది కాదు.

ఎందుకింత పట్టుబడుతున్నానంటే, 'యూదుల బాంబుదాడి' అని థంబ్‌నెయిల్ పెట్టినప్పుడు ఆ బాంబుతో సంబంధం లేని మనిషి, ఎక్కడో యూదుల ప్రార్థనాలయం సినగాగ్‌కి నడిచి వెళ్తున్న ముసలాయన, దానికి జవాబుదారీ అయిపోతాడు. దాడి చేసింది ఇజ్రాయెల్ సైన్యం అయితే 'ఇజ్రాయెల్ సైన్యం' అని రాయండి. నిర్ణయం ప్రభుత్వానిదైతే ప్రభుత్వం అనండి. అప్పుడు విమర్శ ఎంత గట్టిగా చేసినా అది ఆ ప్రభుత్వం మీద విమర్శే అవుతుంది. ఇజ్రాయెల్ ప్రభుత్వాన్ని ఒక్క మాట అంటే చాలు యూదు ద్వేషి అని ముద్ర వేసేవాళ్లు చేసేదీ ఇదే కలగాపులగం, అటు వైపు నుంచి.

అపోహ: యూదా అంటే ద్రోహి, యూదులంటే ఆ బాపతే

ఇది మన తెలుగులో మరీ ప్రమాదం, ఎందుకంటే అక్షరాలు ఒకటే. యాకోబు కొడుకు యూదా, యేసుని పట్టించిన ఇస్కరియోతు యూదా, బైబిల్లో ఒక పత్రిక (లేఖ) రాసిన యూదా, రాజ్యం యూదా. ఆ కాలంలో అదొక మామూలు పేరు. మనలో ఎన్ని ఇళ్లలో వెంకటేశ్వర్లు ఉంటారో అలా.

ఒకసారి సబ్‌టైటిల్ ఫైల్ దిద్దుతున్నాను. పాత్ర స్నేహితుడి మీద అరుస్తాడు: 'యూ జూడాస్!' కొత్తగా చేరిన కుర్రాడు దాన్ని తెలుగు చేశాడు: 'ఓరి యూదుడా!' ఒక్క 'డు' తేడాతో ఒక ద్రోహి మీద తిట్టు మొత్తం ఒక జనం మీదికి పోయింది. పిలిచి చూపిస్తే అతని ముఖం పాలిపోయింది. రెండూ ఒకటే అనుకున్నాడట, చిన్నప్పటి నుంచీ. 'నమ్మకద్రోహీ' అని మార్చాం. యేసు, మరియ, పేతురు, యోహాను అందరూ యూదులే కదా అంటే కాసేపు మాట్లాడలేదు.

'యూదు మారణహోమం' అని రాయొచ్చా?

నేను మానేశాను. హోలోకాస్ట్ అన్న మాట గ్రీకులో పూర్తిగా కాల్చి అర్పించే బలి నుంచి వచ్చింది. మన బైబిల్లో దహనబలి అంటాం కదా, అదే. అరవై లక్షల మందిని చంపడాన్ని దేవుడికిచ్చిన బలిలా చెప్పడం నచ్చక చాలామంది యూదులు 'షోవా' అంటారు, హీబ్రూలో మహావిపత్తు అని. మన 'మారణహోమం'లో కూడా హోమం ఉంది చూడండి. వాడుకలో అరిగిపోయి మనకి వినపడదు. ఊచకోత, సామూహిక హత్యలు అంటే ఉన్నదున్నట్టు ఉంటుంది. పేరుగా రాయాలంటే హోలోకాస్ట్ అందరికీ తెలుసు, అదే ఉంచుతాను.

మిగతావి గబగబా

'యాంటీ సెమిటిజం' అంటే సెమిటిక్ జాతులన్నిటి మీదా ద్వేషం, అరబ్బులూ సెమైట్లే కదా అని వాదిస్తారు. సెమిటిక్ అన్నది 1781లో హీబ్రూ, అరబ్బీ లాంటి భాషల కుటుంబానికి పెట్టిన పేరు. యాంటీ సెమిటిజం అన్న మాటని 1879 ప్రాంతంలో జర్మనీలో విల్‌హెల్మ్ మార్ ప్రచారంలోకి తెచ్చాడు, యూదుల మీద ద్వేషానికి శాస్త్రీయంగా వినిపించే పేరు కావాలని. తెలుగులో 'యూదు ద్వేషం' అని రాయండి, వాదనకి చోటే ఉండదు.

హీబ్రూ భాష పేరు. ఇప్పటి మనిషిని 'హెబ్రీయుడు' అనొద్దు. యూదులందరి ఇంటి భాషా హీబ్రూ కాదు. కొంకణ్ తీరంలోని బెనె ఇజ్రాయెల్ అనే యూదు సమాజంవాళ్లది మరాఠీ, కొచ్చి వాళ్లది మలయాళం.

మతమా, జాతా అంటే రెండూ కొంత. గుడికి వెళ్లకపోయినా యూదు యూదే. సంప్రదాయంలో తల్లి యూదైతే బిడ్డ యూదు, లేదా పద్ధతి ప్రకారం మతం పుచ్చుకున్నవాళ్లు. 'జాతి' అన్న మాట మన దగ్గర నేషన్‌కీ రేస్‌కీ కూడా వాడతాం కాబట్టి దానికి దూరంగా ఉండి, ఊరికే 'యూదులు' అంటాను.

కొచ్చి, చేబ్రోలు

కొచ్చి మట్టాంచేరిలో 'జ్యూ టౌన్' అన్న బోర్డు చూసి మా బంధువుల అబ్బాయి ఇది అవమానం కదా అన్నాడు. కాదు, అది ఆ వీధి పాత పేరు. అవమానం ఆ పక్కనే గైడు నోట వచ్చింది: 'తెల్ల యూదులు, నల్ల యూదులు'. అక్కడ ముందు నుంచి ఉన్నవాళ్లు మలబారీలు, తర్వాత వచ్చినవాళ్లు పరదేశీలు. 1568లో కట్టిన పరదేశి సినగాగ్‌లో, ఒకప్పుడు బానిసలుగా ఉండి విడుదలైనవాళ్ల సంతతికి లోపల సమానంగా కూర్చునే హక్కు ఉండేది కాదు. ఆ కుటుంబాల నుంచే వచ్చిన లాయరు ఎ.బి. సేలం దాని మీద సత్యాగ్రహం చేశారు. ఆయన్ని యూదు గాంధీ అంటారు. గుడి గడప దగ్గర ఆపడం అంటే ఏమిటో మనకి వివరించక్కర్లేదు. మలబారీలు, పరదేశీలు అన్న పేర్లు ఉండగా రంగు పేర్లు ఎందుకు?

మన గుంటూరు ప్రాంతంలో చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిం ఉన్నారు. తెలుగు మాట్లాడే యూదు సమాజం, 1991 నుంచి సినగాగ్ ఉంది. ఎక్కువమంది మాదిగ కుటుంబాలవాళ్లు. తమది ఇశ్రాయేలు గోత్రాల్లో ఒకటైన ఎఫ్రాయిము గోత్ర సంతతి అని చెబుతారు. ఇజ్రాయెల్ ప్రభుత్వం వాళ్లని అలా గుర్తించలేదు. 'వీసా కోసం మారారు', 'నకిలీ యూదులు' అని రాసిన కాపీలు నా చేతికి వచ్చాయి. ఆ మాటలు కొట్టేశాను. ముంబయి బెనె ఇజ్రాయెల్ వాళ్లని కూడా అనుమానించి, ఇతర యూదులతో పెళ్లిళ్లకి అడ్డంకులు పెట్టారు. 1964లో ఇజ్రాయెల్ ప్రభుత్వం వాళ్లు అన్ని విధాలా యూదులేనని ప్రకటించాల్సి వచ్చింది. మన ఊరివాళ్ల గురించి రాసేటప్పుడు నేను వాళ్లు చెప్పుకునే పేరే రాస్తాను: బెనె ఎఫ్రాయిం. ఇజ్రాయెల్ గుర్తింపు సంగతి వార్తకి అవసరమైతే అది వేరే వాక్యంలో, ఆ ప్రభుత్వం పేరు మీద వస్తుంది.