కాయకల్పంతో వయసు వెనక్కి వెళ్తుందా? అపోహలు - వాస్తవాలు

మా క్లినిక్‌కి ఈ ఫోను తరచుగా వస్తుంది: "డాక్టరు గారూ, మీరు కాయకల్పం చేస్తారా? నాన్నగారికి డెబ్బై రెండు. ఓ పదేళ్లు తగ్గిస్తే చాలు." బేరం పదేళ్ల దగ్గరే మొదలవుతుంది. నేను ఆయుర్వేద వైద్యుణ్ణి, మాంత్రికుణ్ణి కాదని చెప్పీ చెప్పీ నోరు నొప్పి పుట్టి ఇది రాస్తున్నాను.

అపోహ: కాయకల్పం అంటే ముసలివాళ్లను కుర్రవాళ్లను చేయడం.

దీనికి మూలం చ్యవన మహర్షి కథ. అశ్వినీ దేవతలు ఆయన ముసలి చర్మాన్ని అంగీ విప్పినట్టు విప్పేశారని ఋగ్వేదంలోనే ఉంది. భారతంలో అయితే చ్యవనుడూ, అశ్వినులిద్దరూ నీళ్లలో మునిగి ఒకే రూపంతో పైకి లేస్తారు. పాపం, సుకన్య వాళ్లలో మొగుణ్ణి వెతుక్కోవాలి! కథగా నాకూ ఇష్టమే.

వాస్తవం: పాత ఆయుర్వేద గ్రంథకర్త చరకుడు తన సంహితలో సూత్రస్థానమనే భాగంలో చెప్పిన 50 మందుల గణాల్లో చిట్టచివరిది 'వయఃస్థాపనం'. తిప్పతీగ, కరక్కాయ, ఉసిరి, సరస్వతి ఆకు, అటికమామిడి లాంటివి పది. స్థాపనం అంటే నిలపడం, వెనక్కి తిప్పడం కాదు. ఏటవాలులో జారుతున్న బండికి చక్రం కింద రాయి పెడతాం చూడండి, అదీ సంగతి. బండిని మళ్లీ గట్టెక్కిస్తామని ఆ పేరులో లేదు. అదే గ్రంథంలో రసాయన సేవనంతో, అంటే వయసును నిలిపే మందులు తినడంతో, వందలు, వేల ఏళ్లు బతికారన్న మాటలూ ఉన్నాయి, దాచను. నేను మాత్రం ఇన్నేళ్ల ప్రాక్టీసులో రంగు వేయకుండా తెల్లజుట్టు నల్లబడ్డ మనిషిని చూడలేదు.

అపోహ: బాగా వయసు మీదపడి, జబ్బులన్నీ వచ్చాక చేయించుకునేదే కాయకల్పం.

వాస్తవం: సరిగ్గా తలకిందులు. "పూర్వే వయసి మధ్యే వా" అన్నాడు మరో పాత ఆయుర్వేద గ్రంథకర్త సుశ్రుతుడు. రసాయనం తొలి వయసులోనో నడివయసులోనో ఇవ్వాలి, అదీ ఒళ్లు శుద్ధి చేశాకే. కాయకల్పమని జనం అనుకునే కుటీప్రావేశికానికి, అంటే ప్రత్యేకంగా కట్టిన కుటిలో ఉండి మందు వాడే పద్ధతికి, చరకుడు పెట్టిన షరతులు ఇంకా కఠినం. ఒకదాని లోపల ఒకటిగా మూడు గదులు, మందపాటి గోడలు, సన్నటి కిటికీలు. అందులోకి వెళ్లేవాడు జబ్బు లేనివాడై ఉండాలి. మనసు అదుపులో ఉండాలి, తీరికా వసతీ ఉండాలి. తక్కినవాళ్లు ఎండాగాలిలో తిరుగుతూ, పని చేసుకుంటూ మందు వాడే పద్ధతి వేరే ఉంది. మా దగ్గరికి వచ్చే నూటికి నూరుమందికీ అదే.

శుద్ధి చేయని ఒంటికి రసాయనం ఇవ్వడం మురికి గుడ్డకు రంగు అద్దడమేనని కూడా సుశ్రుతుడే అన్నాడు. ఈ పోలిక నాకు శ్రీకాళహస్తిలో కలంకారీ పని చూసినప్పుడు ఒంటబట్టింది. గుడ్డకున్న గంజి వదిలించి, కరక్కాయ కలిపిన గేదెపాలలో ముంచి, ఆరబెట్టాకే కలం ముట్టిస్తారు. చరకుడి శుద్ధి చూర్ణంలోనూ మొదటి సరుకు కరక్కాయే.

అపోహ: కాశీ హిందూ విశ్వవిద్యాలయం పెట్టిన మదన మోహన మాలవీయ గారికి వయసు తగ్గింది కదా!

వాస్తవం: చేయించుకున్నది నిజమే. 1938లో, 76 ఏళ్ల వయసులో, అలహాబాదులో తపసీ బాబా అనే సాధువు చేత. పత్రికలు దాన్ని దేశమంతా మోశాయి. 1946లో 84 ఏళ్ల వయసులో ఆయన కన్నుమూశారు. నిండు జీవితమే, కానీ చాలామంది తాతలు ఏ కుటిలోకీ వెళ్లకుండానే ఆ వయసు చూశారు. ఒక్క మనిషి కథతో ఏ మందూ రుజువు కాదు.

అపోహ: రోజూ చ్యవనప్రాశ తింటే చాలు.

వాస్తవం: అసలు పాఠంలో 500 ఉసిరికాయలు. ఉడికించి, గింజ తీసి, గుజ్జును నెయ్యిలో, నువ్వుల నూనెలో వేయించి, చల్లారాక తేనె కలపాలి. మీ ఇంట్లో డబ్బా వెనక్కి తిప్పి చక్కెర ఎంతుందో చూడండి. షుగరున్నవాళ్లయితే ఇప్పుడే చూడండి.

అపోహ: భస్మం (లోహాలను కాల్చి చేసే పొడి) పడితేనే యవ్వనం వస్తుంది. మూలికలతో ఏమవుతుంది?

వాస్తవం: నాకు కోపం తెప్పించేది ఇదొక్కటే. మన డ్రగ్స్ నిబంధనల్లో షెడ్యూల్ జె అని ఒక పట్టిక ఉంది. మందులు ఫలానావి నయం చేస్తాయని చెప్పుకోకూడదన్న పట్టిక అది. మళ్లీ యవ్వనం తెప్పిస్తామనడం కూడా ఆ పట్టికలో ఉంది. అయినా పొట్లాలు ఆగవు. అమెరికాలో కొడుకుల దగ్గరికి వెళ్తూ సూట్‌కేసులో సర్దుకునే పెద్దవాళ్లూ వినాలి: బోస్టన్ ప్రాంతంలో అమ్ముతున్న 70 ఆయుర్వేద మందులను పరీక్షిస్తే 14 మందుల్లో సీసమో, పాదరసమో, ఆర్సెనిక్కో దొరికిందని 2004లో ఒక పరిశీలన వచ్చింది.

మూడేళ్ల కిందట ఒక రైతు వచ్చాడు. అరవై దాటాయి. కడుపులో మెలిపెట్టే నొప్పి, వారంగా విరేచనం లేదు, మొహం పాలిపోయింది. నోరు తెరవమంటే చిగుళ్ల అంచున నీలం గీత. సీసం అని అనుమానించి రక్తపరీక్షకు, అటునుంచి అటే పెద్దాసుపత్రికి పంపాను. బతికాడు. ఊరూరా తిరిగే ఒకాయన దగ్గర నాలుగు నెలలపాటు పొడి కొన్నాడట. మిగిలిన పొట్లం నాకే ఇచ్చి వెళ్లాడు. దానిమీద కంపెనీ పేరు లేదు, తేదీ లేదు. నీలం ఇంకుతో "రాత్రి పాలతో" అని మాత్రం రాసుంది.