అప్పీలు ఉండగా హైకోర్టుకు ఎందుకు?

మార్చి దగ్గరపడేకొద్దీ ఆదాయపు పన్ను శాఖ వసూళ్లు ఊపందుకుంటాయి, వాటి వెనకే హైకోర్టుల్లో రిట్లూ (అధికారుల చర్య మీద నేరుగా హైకోర్టు జోక్యం కోరే పిటిషన్లు) పెరుగుతాయి. శాఖ న్యాయవాదుల వాదన ఏటా ఒకటే: శాఖలోనే కమిషనర్ దగ్గర అప్పీలు నడుస్తుంటే ఇక్కడేం పని? చట్టం చూపిన దారి వదిలేసి రిట్ వేయడం కుదరదని 2013లో ఛబిల్ దాస్ అగర్వాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే అక్కడ పన్ను చెల్లింపుదారు అప్పీలు మెట్టే ఎక్కకుండా మదింపు మీదే, అంటే శాఖ పన్ను లెక్కగట్టిన తీరు మీదే, రిట్‌కు వెళ్లాడు. ఇప్పుడు వస్తున్న పిటిషన్లలో చాలావాటి కోరిక అది కాదు. మదింపు తప్పో ఒప్పో అప్పీల్లోనే తేలనివ్వండి, అందాకా నా బ్యాంకు ఖాతా జోలికి రావద్దని చెప్పండి అంటున్నారు, అంతే.

ఆ ముక్క అప్పీలు వినే కమిషనర్‌నే అడగొచ్చు కదా? తిరకాసు అక్కడే ఉంది. 1961 ఆదాయపు పన్ను చట్టం తొలి అప్పీలు వినే కమిషనర్‌కు స్టే, అంటే వసూలు ఆపే ఉత్తర్వు, ఇచ్చే అధికారాన్ని విడమరిచి రాయలేదు. 220(6) సెక్షన్ కింద ఆ విచక్షణ మదింపు అధికారిది. పన్ను వేసిన చేతినే కాస్త ఆగమని బతిమాలుకోవాలన్నమాట. పై మెట్టయిన ట్రిబ్యునల్ విషయంలో, అప్పీలు వినే అధికారంలోనే స్టే ఇచ్చే అధికారం ఇమిడి ఉందని 1968లో మహమ్మద్ కున్హి కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. కింది మెట్టుకూ అదే వర్తిస్తుందని కొన్ని హైకోర్టులు అన్నా, ఆచరణలో దరఖాస్తు వెళ్లేది మదింపు అధికారి దగ్గరికే.

ఒకప్పుడు ఇది ఇంత గొడవ కాలేదు. ఆర్థిక శాఖ కూడా చూస్తున్న ఉపప్రధాని మొరార్జీ దేశాయ్ 1969 మే నెలలో ఎంపీల సంప్రదింపుల కమిటీలో ఇచ్చిన మాట మీద, ఆ ఆగస్టులో పన్ను అధికారులకు 96వ నంబరు సూచన వెలువడింది. రిటర్నులో చూపిన ఆదాయానికి రెట్టింపో అంతకు మించో మదింపు చేస్తే, అసెస్సీ (పన్ను చెల్లింపుదారు) వైపు లోపం లేనంతవరకు అప్పీలు తేలేదాకా వివాదంలో ఉన్న పన్ను వసూలు చేయకూడదు. తర్వాత వచ్చిన 1914వ నంబరు సూచన పాతవాటిని పక్కకు నెట్టింది. అయినా 2008లో వాల్వొలైన్ కమిన్స్ కేసులో ఢిల్లీ హైకోర్టు ఆ పాత హామీకి విలువ ఉందనే అంది.

కథ మలుపు తిరిగింది 2016 ఫిబ్రవరి 29న. వివాదంలో ఉన్న డిమాండులో, అంటే శాఖ కట్టమన్న పన్నులో, 15 శాతం కడితే స్టే ఇవ్వాలని శాఖ పై సంస్థ అయిన ప్రత్యక్ష పన్నుల బోర్డు అధికారులకు మెమో ఇచ్చింది. 2017 జూలై 31న అది 20 శాతమైంది. రాసినవాళ్ల ఉద్దేశం మంచిదే కావచ్చు. అధికారికో లెక్క, అసెస్సీకో భరోసా. కానీ విచక్షణ పోయి రేటు మిగిలింది. ఆదాయం రెట్టింపు చేసి మదించినా, కేసు ఎంత బలంగా ఉన్నా, 20 కట్టి రండి అన్నదే జవాబు. అంతకన్నా తక్కువకూ స్టే ఇవ్వొచ్చని 2018లో ఎల్‌జీ ఎలక్ట్రానిక్స్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. కింది కార్యాలయాల్లో రేటు మాత్రం కదల్లేదు. కొన్ని కేసుల్లో అసెస్సీకి తిరిగివ్వాల్సిన రీఫండ్లను శాఖ ఆ డిమాండు కింద 20 శాతం దాటి సర్దుకోవడం, మిగులు వెనక్కివ్వమని ఢిల్లీ హైకోర్టు చెప్పాల్సి రావడం కూడా జరిగాయి.

ఉట్టి కాలయాపనకే అప్పీళ్లు వేస్తారని, ఖజానా సొమ్ము ఇరుక్కుపోతుందని శాఖ అంటుంది. అలాంటివాళ్లు లేకపోలేదు. కానీ జాప్యం ఎవరిది? వీలైనచోట, అప్పీలు వేసిన ఆర్థిక సంవత్సరం ముగిశాక ఏడాదిలో దాన్ని తేల్చాలని 250(6ఎ) సెక్షన్ చెబుతుంది. 2020 సెప్టెంబరులో ఫేస్‌లెస్ (ముఖాముఖి లేకుండా ఆన్‌లైన్‌లో అప్పీలు వినే) విధానం వచ్చాక కమిషనర్ల దగ్గర పేరుకున్న అప్పీళ్లు 5 లక్షలు దాటాయి. 20 శాతం కట్టలేనివాడికి ఈలోగా 226(3) సెక్షన్ కింద, ఖాతాలోని సొమ్ము శాఖకు కట్టమని బ్యాంకుకు నోటీసు వెళ్తుంది.

రిట్ వేస్తే మాత్రం దక్కేదెంత? కొన్ని వారాల్లో అప్పీలు తేల్చమని, అందాకా వసూలు ఆపమని చెబితే అదృష్టం. తరచుగా వచ్చే ఉత్తర్వు ఇంకోటి: స్టే దరఖాస్తును మళ్లీ పరిశీలించి, కారణాలు రాసి నిర్ణయం చెప్పండి అని. అది తిరిగి చేరేది మొదట కాదన్న అధికారి బల్ల మీదికే.